ప్రౌఢ ప్రణయంలో శ్రమ: కొరియా దృశ్యనాటకాలు, సూరత్ తెలుగు కాపురాలు

ఇటీవలి కాలంలో కొరియా దేశం సూరత్ నగరానికి రెండు రూపాలలో వచ్చినది. మొదటిది ఫిరంగి. నగరానికి పడమరగా, తపతీ నది సముద్రంలో కలిసే చోటికి చేరువలో ఉన్న హజీరాలో, లార్సెన్ అండ్ టూబ్రో సంస్థవారి కర్మాగారంలో, దక్షిణ కొరియా సాంకేతిక సహకారంతో 'కె-9 వజ్ర' అనే ఫిరంగులు తయారైనవి. ఆ నిర్మాణశాల 2019 జనవరిలో జాతికి అంకితమైనది. 2021 ఫిబ్రవరి నాటికి నూరు ఫిరంగులు సైన్యానికి అందినవి. రెండవది ప్రేమకథ. దానికి ప్రారంభోత్సవం జరుగలేదు. 2020లో కరోనా మహమ్మారి జనులను ఇండ్లలో కూర్చుండబెట్టినప్పుడు, అది చేతిలోని ఫోను తెరగుండా చడీచప్పుడూ లేకుండా లోనికి ప్రవేశించినది. నెట్‌ఫ్లిక్స్ సంస్థవారు చెప్పిన లెక్క ప్రకారం భారతదేశంలో కొరియా ధారావాహికల వీక్షణం 2019 కంటె 2020లో 370 శాతానికి మించి పెరిగినది. వచ్చినది దేశమంతటికీ వచ్చినది, సూరత్‌కూ వచ్చినది. ఫిరంగిని గూర్చి ప్రసంగాలు జరిగినవి. ప్రేమకథను గూర్చి గంభీరమైన విచారణ జరుగవలసి ఉన్నది.

కొరియా ప్రేమకథ అనగానే చాలమందికి స్ఫురించేవి కళాశాల ప్రాయపు ముద్దుమోములు, కోటీశ్వరుని కుమారుడు, మంచు కురిసే వీధి. ఆ బాపతు కథలు అసంఖ్యాకం. వాటిని గూర్చి చెప్పవలసినది స్వల్పం. విమర్శకు అర్హమైన శాఖ వేరొకటి ఉన్నది. 30 ఏండ్లు దాటినవారు, సంసారాలు ఉన్నవారు, సంసారాలు విడిచినవారు, అప్పులలో మునిగినవారు, తల నెరసినవారు అందులో నాయికానాయకులు. మన ఆలంకారికులు నాయికను ముగ్ధ, మధ్య, ప్రౌఢ అని విభజించినారు. ఆ మాటను కొంచెం సాగదీసి దీనిని ప్రౌఢ ప్రణయ శాఖ అనవచ్చును. పెద్దల కథ అన్న పేరు ఇక్కడ శరీర ప్రదర్శనకు సంకేతం కాదు. బ్రతుకు బరువు మోసినవారికి మాత్రమే పూర్తిగా అర్థమయ్యే విషయమని దాని భావం.

ప్రేమను గూర్చిన చర్చ సూరత్‌కు కొత్త కాదు. ఆధునిక గుజరాతీ సాహిత్యానికి ఆద్యులలో ఒకడైన నర్మదాశంకర్ (1833–1886) ఈ నగరంలో జన్మించినాడు. ప్రేమ, శౌర్యం అనే జంటపదాలను ఆయన తన నినాదంగా ఎన్నుకొన్నాడు. వితంతువులకు ఆశ్రయమిచ్చినాడు, తానే ఒక వితంతువును వివాహమాడినాడు. 1866లో రచించిన ఆత్మకథలో తన బలహీనతలను సైతం దాచుకొనలేదు. ఆయనకు ప్రేమ అనగా లోకాన్ని ధిక్కరించుట. అయితే అదే ఇంట అప్పటికే ధర్మపత్నిగా ఉన్న డాహీగౌరి పక్షాన నిలిచి చూచినప్పుడు, ఆ శౌర్యానికి మూల్యం ఎవరు చెల్లించినారన్న ప్రశ్న పుట్టక మానదు. శౌర్యానికి చరిత్ర దక్కినది. పక్కగదిలోని ఓర్పుకు దక్కినది ఒకటి రెండు వాక్యాలు మాత్రమే.

తెలుగులోనూ ఆధునిక ప్రణయ సాహిత్యం ఇంచుమించు ఇదే దారిలో నడచినది. భావకవులకు ప్రేయసి అందరాని వెలుగు. చలానికి, 1927 నాటి 'మైదానం'లో, ప్రేమ కట్టుబాట్లను తెంచుకొని బయటపడే సాహసం. ఒకచోట విరహం, ఒకచోట విప్లవం. పొద్దంతా పనిచేసి వచ్చిన ఇద్దరు మనుష్యులు సాయంకాలం ఒకరినొకరు ఎట్లు చూచుకొంటారన్న ప్రశ్న ఈ రెంటికీ నడుమ జారిపోయినది. నండూరి సుబ్బారావుగారి ఎంకి, నాయుడుబావ ఆ నడుమ నిలబడిన జంట. అందువలననే వారు ఇన్నేండ్లయినా పాతబడలేదు.

ఆ జారిపోయిన ప్రశ్న సూరత్ తెలుగువారి విషయంలో నిత్యజీవిత సమస్య. చేతిమగ్గం చితికిన కాలాలలో తెలంగాణలోని వరంగల్, కరీంనగర్, నల్లగొండ ప్రాంతాల పద్మశాలీ కుటుంబాలు షోలాపూర్‌కు, భివండికి, సూరత్‌కు తరలినవి. లింబాయత్, ఉధనా ప్రాంతాలలో వారి కాపురాలు స్థిరపడినవి. నగరపాలక సంస్థ నడిపే ప్రాథమిక పాఠశాలలలో తెలుగు మాధ్యమానివి కూడ ఏర్పడినవి. సిరిసిల్ల నేతగాడు మరమగ్గాన్ని 'సాంచ' అంటాడు. గుజరాతీవాడు యంత్రాన్ని 'సంచో' అంటాడు. ఇంటిమాట, పనిమాట కలిసిన చోట ఈ కాపురాలు నిలిచినవి. మరమగ్గాల కొట్టాలలో 12 గంటల పాళీ సర్వసాధారణం. పగటి పాళీవాడు ఇల్లు చేరే వేళకు రాత్రి పాళీవాడు బయలుదేరుతాడు. ఆడవారు వంటపని ముగించి చీరలకు అంచులు కుట్టుట, రాళ్ళు అతుకుట వంటి పనులు ఇంటి వద్దనే చేస్తారు. ఒకే గదిలో కాపురముండీ ఒకరి మెలకువను ఒకరు సరిగా చూడని దినాలు ఇట్టి బ్రతుకులో తప్పవు. ఈ జంటకు శౌర్యం ఏ పనికి వస్తుంది? ధిక్కరించవలసిన లోకం ఎవరు? పెండ్లి పెద్దలు చేసినారు, కులంలో చేసినారు. ఆ తరువాత పుట్టిన ప్రేమకు పేరేమిటి? కొరియా ప్రౌఢ ప్రణయ శాఖను పరీక్షించుటకు ఇంతకంటె తగిన గీటురాయి దొరకదు.

భరతముని చెప్పిన 33 వ్యభిచారిభావాలలో 'శ్రమ' ఒకటి. వీటికే సంచారులని పేరు. స్థాయి సముద్రమైతే సంచారులు అందులో లేచి అణగే తరంగాలని ఆలంకారికుల ఉపమానం. శృంగారంలో త్రాసం, ఆలస్యం, ఔగ్ర్యం, జుగుప్స పొసగవని నిషేధించిన భరతుడు శ్రమను నిషేధించలేదు. అయితే కావ్యాలలో శృంగారానికి తోడుపడిన శ్రమ ఏది? నాయిక పూలు కోసి అలసినది, జలక్రీడలాడి అలసినది, అభిసారికయై నడచి అలసినది. నీళ్ళు మోసి, వడ్లు దంచి, నూలు వడికి అలసిన నాయిక ప్రబంధాలలో అరుదు. భవభూతి ఈ విషయంలో విలక్షణుడు. 'ఉత్తరరామచరిత' ప్రథమాంకంలో నిండుచూలాలైన సీత, తాము గడపిన అరణ్యవాసపు చిత్తరువులను చూచి చూచి అలసి, రాముని బాహువుపై తల ఆన్చి నిద్రిస్తుంది. అది తొలిచూపుల వలపు కాదు. కష్టాన్ని కలిసి అనుభవించిన దంపతుల స్నేహం. ఆ నిద్ర చెదరకముందే అపవాదవార్త వచ్చి కథ కరుణలోనికి ఒరుగుతుంది.

కొరియా ప్రౌఢ దృశ్యనాటకాలు చేసిన పనిని ఒక్కమాటలో చెప్పవలెనంటే, అవి శ్రమ అనే సంచారికి దాదాపు స్థాయి గౌరవం ఇచ్చినవి. ఎదుటివారి అలసటను గుర్తించుటే వాటిలో ప్రేమకు అంకురం. ఆ గుర్తింపును ఏండ్ల తరబడి నిలుపుకొనుటే దాని పరిపాకం.

ఇందుకు మొదటి ఉదాహరణ 2018లో వెలువడిన 'మై మిస్టర్'. పార్క్ హే-యంగ్ రచన, కిమ్ వన్-సక్ దర్శకత్వం, 16 భాగాలు. నాయకుడు డోంగ్-హూన్ నలుబదులలో ఉన్న కట్టడాల ఇంజనీరు. భవనం నిలుచునో కూలునో పరీక్షించుట అతని వృత్తి. అతని భార్య న్యాయవాది. అతని పై అధికారితోనే ఆమెకు రహస్య సంబంధమున్నది. జి-ఆన్ అదే కార్యాలయంలో తాత్కాలికపు కొలువులో ఉన్న 21 ఏండ్ల అమ్మాయి. మాటలురాని, చెవులు వినిపించని అవ్వను పోషిస్తూ, వడ్డీవ్యాపారి పీడనలో నలుగుతూ ఉంటుంది. డోంగ్-హూన్‌ను ఉద్యోగం నుండి వెళ్ళగొట్టించే పనికి డబ్బు పుచ్చుకొని, అతని ఫోనులోని ప్రతి ధ్వనినీ తన చెవికి చేరేటట్లు చేసుకొంటుంది.

ఇక్కడి కల్పన గమనింపదగినది. పూర్వరాగం శ్రవణం వలన, దర్శనం వలన కలుగుతుందని మన శాస్త్రం. దమయంతి హంస నోట నలుని గుణగణాలను విని వలచినది. జి-ఆన్ కూడ వినియే ఆకర్షింపబడినది. కాని ఆమె విన్నది గుణకీర్తన కాదు. మెట్లెక్కే అడుగుల చప్పుడు, రైలుపెట్టెలో విడిచిన నిట్టూర్పు, భార్యకు ఇంటికి ఏమైన తేవలెనా అని చేసిన మాట, భార్య మోసం తెలిసిన రాత్రి వచ్చిన మౌనం. ఒక మనిషి ఒంటరిగా ఉన్నప్పుడు ఎట్లు అలసిపోతాడో ఆమె విన్నది. గూఢచర్యంగా మొదలైన వినికిడి సంరక్షణగా మారుట ఈ నాటకానికి వెన్నెముక. అతడు ఆమెను ప్రేయసిగా చూడడు. ఆమె పస్తులను, ఆమె చలిని చూస్తాడు. అవ్వను వృద్ధాశ్రమంలో చేర్చుటకు ప్రభుత్వసహాయం ఉన్నదన్న సంగతి ఆమెకు ఎవరూ చెప్పలేదని గ్రహించి తాను చెబుతాడు. అవ్వ చనిపోయిన నాడు, అతని అన్న దాచుకొన్న సొమ్ము అంత్యక్రియలకు ఖర్చవుతుంది. వీధివాడందరూ బంధువులై నిలుస్తారు. చివరకు పెండ్లి లేదు, కౌగిలింతతో ముగిసే సుఖాంతం లేదు. కొంతకాలం గడచిన తరువాత ఎదురుపడి చేతులు కలుపుకొంటారు. నాయిక పేరులోని చీనా అక్షరాలకు శాంతిని చేరుట అని అర్థం. ఆ శాంతి ఆమెకు దక్కినదా అన్న ప్రశ్నతో కథ ఆగుతుంది. దీనిని శృంగారమనుటకు వీలులేదు, కాదనుటకూ మనసొప్పదు. రసశాస్త్రం పేరు పెట్టక విడిచిన ప్రదేశాలలో ఇది ఒకటి.

రెండవ ఉదాహరణ 2014 నాటి 'సీక్రెట్ లవ్ ఎఫైర్'. జంగ్ సంగ్-జు రచన, ఆన్ పాన్-సక్ దర్శకత్వం. నాయిక హే-వన్‌కు 40 ఏండ్లు. ధనిక కుటుంబం నడిపే కళాసంస్థలో పెద్ద ఉద్యోగి. ఆ కుటుంబపు రహస్యాలను మోసే దాసి కూడ. సన్-జే 20 ఏండ్ల పేద యువకుడు, మూటలు చేరవేసే పనివాడు, సహజ సంగీతజ్ఞుడు. ఒకే పియానో ముందు ఇద్దరూ కూర్చుండి షూబర్ట్ రచించిన నాలుగు చేతుల కృతిని వాయించే ఘట్టంలో శరీరాలు తాకవు. అయినా ఆ నాటకంలో అంతకుమించిన సంభోగ శృంగారం లేదు. వయోభేదం, వివాహబంధం రెండూ ఉన్న ఈ కథను కేవలం అక్రమ ప్రణయమని కొట్టివేయుట సులభం. రచయిత్రి దృష్టి వేరు. ఆ యువకుని సన్నిధిలో హే-వన్ తెలుసుకొన్నది తాను ఎంత అందగత్తెనన్నది కాదు. తాను ఎంత అలసిపోయినానన్నది. ఎవరి మెప్పుకోసమో ఇరువదేండ్లు పరుగెత్తిన కాళ్ళ నొప్పి ఆమెకు అప్పుడు తెలిసినది. ఆమె తన నేరాలను తానే ఒప్పుకొని కారాగారానికి పోతుంది. ప్రేమ ఆమెను ఉద్ధరించలేదు; ఆమె చేత లెక్క అప్పగింపజేసినది.

ఈ కథ వెలువడిన నాటికి కొరియాలో వ్యభిచారం శిక్షార్హమైన నేరం. 2015 ఫిబ్రవరి 26న అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం ఆ చట్టాన్ని కొట్టివేసినది. భారత సుప్రీంకోర్టు శిక్షాస్మృతిలోని 497వ సెక్షన్‌ను 2018 సెప్టెంబరు 27న కొట్టివేసినది. చట్టం పడకటింటి నుండి తప్పుకొన్న తరువాత, తీర్పు చెప్పే భారం కథలపై పడినది. 2020లో వచ్చిన 'ద వర్ల్డ్ ఆఫ్ ద మ్యారీడ్' ఆ భారాన్ని ఒకవిధంగా మోసినది. ఆంగ్లదేశపు నాటకానికి అనుసరణమైన అందులో మోసపోయిన భార్య ప్రతీకారం ప్రధానం. చివరి భాగాన్ని చూచినవారు 28 శాతానికి మించినారు. కేబుల్ ప్రసారాల చరిత్రలో అది అప్పటికి రికార్డు. కాని ప్రతీకారం శౌర్యానికే మరొక పేరు. ఆ నాటకం చూచినంతసేపు ఉద్రేకం కలిగిస్తుంది. ముగిసిన తరువాత 'మై మిస్టర్' వలె మనసులో ఊరదు.

పార్క్ హే-యంగ్ 2022లో రచించిన 'మై లిబరేషన్ నోట్స్' సూరత్ గీటురాయికి మరింత దగ్గరగా వస్తుంది. రాజధానికి దూరంగా ఉన్న పల్లె. వంటింటి తొట్లు తయారుచేసే తండ్రి; ఇంటి పక్కనే కార్ఖానా; పని లేనప్పుడు పొలం. ముగ్గురు సంతానం ప్రతిదినం గంటల కొలది రైళ్ళలో, బస్సులలో ప్రయాణించి ఉద్యోగాలు చేసి వస్తారు. చిన్నకూతురు మి-జంగ్, తండ్రివద్ద పనికి కుదిరిన గూ అనే త్రాగుబోతును తనను ప్రేమించుమని అడుగదు, ఆరాధించుమని అడుగుతుంది. ప్రేమ అన్న మాట చాలదని ఆమె భావం. తెలుగు సినిమాపాటలో అరిగిపోయిన 'ఆరాధన' ఇక్కడ తళతళలాడుతున్నది, కారణం దాని వెనుక ఆడంబరం లేకపోవుటే. ఇందులో ప్రణయ సన్నివేశాలనదగినవి పొలంలో కలుపు తీయుట, ఒక బల్లచుట్టూ మాటలేక అన్నం తినుట. ఈ సంసారాన్ని మోసిన తల్లిని ఎవరూ గమనించరు. ఒకనాడు వంట నడుమ ఆమె కాసేపు నడుము వాల్చి మరి లేవదు. ఇంతమంది తమ తమ విముక్తిని వెదుకుకొంటున్న ఇంట, ఒక్కరోజు సెలవు దక్కనిది ఆమె ఒక్కతే. ప్రేక్షకుడు కూడ అంతవరకు ఆమెను చూడలేదు. రచయిత్రి నేర్పు అక్కడ ఉన్నది: పాత్రలు చేసిన తప్పునే ప్రేక్షకుని చేత చేయించి, ఆ తరువాత సిగ్గుపడజేసినది.

2025లో వచ్చిన 'వెన్ లైఫ్ గివ్స్ యు టాంజరీన్స్' ఈ ధోరణికి శిఖరం. లిమ్ సాంగ్-చూన్ రచన. దర్శకుడు కిమ్ వన్-సక్. దాని కొరియా పేరు చేజూ ద్వీపపు మాండలికంలోనిది. మిక్కిలి శ్రమపడినారు అని దాని అర్థం. కృతజ్ఞత చెప్పుటకు ఆ ద్వీపవాసులు వాడే పలుకుబడి అది. ప్రేమకథకు శ్రమ అన్న పేరే పెట్టినారన్నమాట. సముద్రంలో మునిగి నత్తగుల్లలు ఏరే స్త్రీ కడుపున పుట్టిన ఏ-సన్, చేపలుపట్టే గ్వాన్-షిక్ బాల్యం నుండి మరణం వరకు నడచిన దారి ఇందులోని కథ. అత్తవారింట మగవారికొక బల్ల, ఆడవారికొక బల్ల. గ్వాన్-షిక్ ఒకనాడు మగవారికి వీపుచూపి భార్యవైపు తిరిగి కూర్చుంటాడు. ఇదియే ఆయన చేసిన తిరుగుబాటు. నర్మదుని శౌర్యంతో పోల్చినప్పుడు ఇది అతిస్వల్పం; సగం చుట్టు తిరిగి కూర్చొనుట మాత్రమే. కాని దీని మూల్యాన్ని భార్య చెల్లించలేదు, అతడే చెల్లించినాడు. బిడ్డను పోగొట్టుకొన్నప్పుడు, ఇల్లు అమ్ముకొన్నప్పుడు, ముదిమిలో వ్యాధి వచ్చినప్పుడు ఆ దంపతులు ఒకరికొకరు చెప్పుకొన్న మాటల సారం శ్రమపడినావు అన్న మాటయే.

ఈ కథలు తెలుగు మనసుకు అంత దగ్గర కావుటకు కారణం కేవలం కథావస్తువు కాదు, సంబోధన కూడ. కొరియా భాషలో గౌరవ వాచకం, చనువు వాచకం వేరు. ఇద్దరు వ్యక్తులు 'మీరు' నుండి 'నువ్వు'కు దిగుట అక్కడ ఒక సంఘటన, తెలుగులో వలెనే. పలకరింపు కూడ ఒకటే. అక్కడ కూడ క్షేమసమాచారమనగా అన్నం తిన్నావా అని అడుగుట. కాని బంధువాచకాల వద్ద చిక్కు వస్తుంది. కొరియా యువతి తన ప్రియుని అన్న అని అర్థమిచ్చే మాటతో పిలుస్తుంది. తెలుగులో అది అసంభవం; అన్నా అన్నంతనే పెండ్లి తలుపు మూతపడుతుంది. మామా, బావా అన్నంతనే తెరచుకొంటుంది. 'మై మిస్టర్' అసలు పేరులోని సంబోధన, పరాయివాడైన నడివయసు పురుషుని ఏ అమ్మాయి అయినా పిలిచే మాట. దానిని బాబాయి అంటే తలుపు మూయుట, మామయ్య అంటే తెరచుట. కొరియా మాట తలుపును ఓరవాకిలిగా ఉంచినది. ఆ నాటకమంతా ఆ ఓరవాకిలిలోనే నడచినది. తెలుగు మాటలు కూర్చేవారు ఈ సూక్ష్మాన్ని గుర్తింపనిచో కథ తారుమారు కాగలదు.

గోత్రం విషయం కూడ ఇట్టిదే. ఒకే ఇంటిపేరు, ఒకే మూలస్థానం కలవారు పెండ్లాడరాదన్న నియమం కొరియా పౌరస్మృతిలో ఉండెడిది. రాజ్యాంగ న్యాయస్థానం 1997లో దానిని తప్పుపట్టగా, 2005లో చట్టం మారినది. సగోత్ర నిషేధం ఎరిగిన తెలుగు ప్రేక్షకునికి ఆ పెద్దల బెదురు ఇట్టే అర్థమవుతుంది. అయితే మేనరికం కొరియావారికి ఊహకందనిది. దగ్గరితనంలోనే ఉన్న ఈ దూరాన్ని గమనించుట సహృదయునికి ఒక ఆనందం.

గుణాలను చెప్పిన తరువాత దోషాలను దాచుట విమర్శ ధర్మం కాదు. మొదటి దోషం మద్యం. ఈ కథలలో అలసిన పురుషుడు ప్రతిరాత్రి త్రాగుతాడు. ఆ త్రాగుడు దీపకాంతిలో, మంచి సంగీతంలో, కవితాత్మకంగా కనబడుతుంది. గూ విషయంలో దాని వినాశకత కొంత చెప్పబడినా, కెమెరా కన్నులో జాలి పాలు హెచ్చు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారా అంగళ్ళపై తిరుగబడినారు. మద్యం పురుషుని వేదనకు అలంకారమని ఆ స్త్రీలకు ఎవరూ నమ్మింపజాలరు. సూరత్ మద్యనిషేధం ఉన్న గుజరాత్‌లోనిది; అయినా త్రాగి వచ్చిన భర్త కాళ్ళ చప్పుడు ఎట్లుంటుందో ఏ పనివారి వాడలోనైనా తెలిసినదే. ఆ చప్పుడును వినే భార్య చెవి ఈ నాటకాలకు ఇంకను దొరకలేదు.

రెండవ దోషం మరింత గాఢమైనది. వీటిలో శ్రమ ఉన్నది, శ్రమఫలాన్ని గూర్చిన తగవు లేదు. అలసినవారు ఒకరినొకరు ఓదార్చుకొంటారు. ఎందుకు ఇంతగా అలసిపోతున్నామని కలిసి అడుగరు. జి-ఆన్‌కు చివర మంచి ఉద్యోగం దొరకుటకు సంస్థ అధిపతి దయ కారణం. దయగల యజమాని ఒకడు కథలో లేనిచో ఆమె గతి ఏమి? సూరత్‌లోనే జన్మించిన నాటకకర్త చంద్రవదన్ మెహతా 1930లలో 'ఆగగాడీ' నాటకంలో రైల్వే కార్మికుల బ్రతుకును రంగస్థలం మీదికి తెచ్చినాడు. ఆ రంగస్థలంపై అలసటకు కారణమైన వ్యవస్థ కూడ కనబడినది. కొరియా తెరపై అది పలుచని నీడగా మిగిలినది. గ్వాన్-షిక్ విషయం కూడ ఇంతే. పితృస్వామ్యానికి మందు ఒక మంచి మగడు దొరకుటే అన్న భ్రమకు అందులో తావున్నది. అట్టి మగడు దొరకని వారి సంగతిని 2016లో నో హీ-క్యుంగ్ రచించిన 'డియర్ మై ఫ్రెండ్స్' పట్టించుకొన్నది. అందులో ముసలితనంలో ఉన్న జంగ్-ఆ ఏండ్ల తరబడి చాకిరీ చేయించుకొన్న భర్తను విడిచి వేరింటికి పోతుంది. అరుపులు లేవు, శపథాలు లేవు; తన కాళ్ళపై తాను నిలుచుండుట మాత్రమే. ఆ భర్త అప్పుడు గిన్నెలు కడుగుట నేర్చుకొంటాడు. మొత్తం శాఖలో అంతకంటె నిజమైన ప్రణయఘట్టం అరుదు.

ఈ దోషాలున్నా ఈ శాఖ తెలుగు సాహిత్యానికి ఒక ప్రశ్న వేసినది. మన నేతవారి ఆకలిని గూర్చి కవిత్వం వచ్చినది. ఆత్మహత్యలను గూర్చి కథలు వచ్చినవి. అవి రావలసినవే. కాని ఆకలి, చావు తప్ప ఆ బ్రతుకులో మరేమియు లేదన్నట్లు వ్రాయుట కూడ ఒకరకమైన అన్యాయం. రాత్రి పాళీ ముగించి తెల్లవారి ఇల్లు చేరిన భర్త, మేలుకొనబోతున్న భార్య నిద్ర చెదరరాదని చెప్పులు గడప అవతలనే విడిచి లోనికి వచ్చుట ఒక కావ్యవస్తువు. నెలల తరబడి ఊరిలో అత్తమామలవద్ద ఉండిన ఇల్లాలు ఫోనులో భర్త దగ్గును విని అతడు పస్తున్నాడని గుర్తించుట ఒక కావ్యవస్తువు. వీటిని వ్రాయుటకు కొరియాకు పోనక్కరలేదు. శ్రమ సంచారిభావమని రెండువేల ఏండ్లనాడే చెప్పిన శాస్త్రం మనది; అలసిన సీతకు బాహువును తలగడగా ఇచ్చిన నాటకం మనది; ఎంకి మనది.

ప్రేమ, శౌర్యం అన్న నర్మదుని నినాదం ఆ కాలానికి అవసరమైనది. గోడలు ఎత్తుగా ఉన్నప్పుడు దూకువాడు కావలెను. గోడలోపలి కాపురానికి కావలసిన గుణం వేరు. ఒకరి చేతికాయలను మరొకరు చూచి, అవి ఎందువలన కాచినవో తెలుసుకొనుట ఆ గుణం. హజీరాలో తయారైన ఫిరంగి ఎంతదూరం పేలగలదో లెక్కలున్నవి. లింబాయత్‌లోని ఒక గదిలో, సాంచాల మోత చెవులలో ఇంకా ఆడుతుండగా, ఒక మనిషి మరొక మనిషిని అన్నం తిన్నావా అని అడిగిన మాట ఎంతదూరం పోగలదో లెక్కకట్టుట సాహిత్యం పని. ఆ పనిని పరాయి భాష ఒకటి తన తెరపై శ్రద్ధగా మొదలుపెట్టినది. అదే శ్రద్ధ సొంతభాషలో ఎప్పుడు చూపగలమన్నది తెలుగు రచయితల ముందున్న ప్రశ్న.